మంచం కింద ఎవరు?

హాస్యం గురించి మన అభ్యుదయ విమర్శ చేసిన చర్చ బహు తక్కువ. కరుణకూ, వీరానికీ మన వ్యాసాల్లో దొరికిన చోటు నవ్వుకు దొరకలేదు. హాస్యమంటే కడుపు నిండినవాడి తేనుపు అన్న అభిప్రాయం మనలో చాలామందికి ఉంది. ఇది పొరపాటు. కన్నీటికి వర్గ స్వభావం ఉన్నట్టే నవ్వుకూ ఉంది. ఎవరు నవ్వుతున్నారు, ఎవరిని చూసి నవ్వుతున్నారు, ఆ నవ్వు వల్ల ఎవరి పరువు పోతున్నది అని అడిగినప్పుడు ఆ స్వభావం బయటపడుతుంది. ఈ వ్యాసంలో నేను ఒకే ఒక్క రకం నవ్వును పరిశీలనకు తీసుకుంటున్నాను. అది అపార్థం మీదా, అసూయ మీదా కట్టిన హాస్యం.

ఈ ఆలోచనకు కారణం నా తరగతి గది. చార్లీ చాప్లిన్ గురించి చెబుతూ ఒకనాడు తొమ్మిదో తరగతి పిల్లలకు 1914 నాటి ఒక చిన్న మూకీ చిత్రం చూపించాను. పిల్లలు పడిపడి నవ్వారు. ఒక అమ్మాయి మాత్రం నవ్వలేదు. చిత్రం అయిపోయాక లేచి, "సార్, ఆమె నోరు తెరిచి జరిగింది జెప్తె అయిపోవు గద?" అన్నది. "ఇది మూగ సినిమా కదమ్మా" అన్నాను. "మాటలున్న సినిమా అయితె మాత్రం ఆడు ఇంటడా సార్?" అన్నది. తరగతి నిశ్శబ్దమైపోయింది. నాలుగు పుస్తకాలు చదివిన నాకు ఆ క్షణాన జవాబు తోచలేదు. ఇప్పుడు రాస్తున్నది ఆ జవాబే అనుకోవచ్చు.

1

ఆ చిత్రం పేరు 'మేబెల్స్ స్ట్రేంజ్ ప్రెడికమెంట్'. మేబెల్‌కు వచ్చిన వింత చిక్కు అని చెప్పుకోవచ్చు. మాక్ సెనెట్ 1912లో నెలకొల్పిన కీస్టోన్ కంపెనీ దీన్ని తీసింది. 1914 ఫిబ్రవరి 9న విడుదలైంది. నిడివి ఒక్క రీలు. చాప్లిన్ తన పేరుమోసిన వేషాన్ని - వదులు పంట్లాం, బిగుతు కోటు, చిన్న టోపీ, చేతికర్ర - కెమెరా ముందు మొదట కట్టింది ఈ చిత్రం కోసమే. రెండు రోజుల ముందే విడుదలైన మరో చిత్రంలో ప్రజలు ఆ వేషాన్ని ముందు చూశారు గానీ, చిత్రీకరణలో మొదటిది ఇదే.

కథ చెప్పడానికి నాలుగు వాక్యాలు చాలు. ఒక హోటల్లో మేబెల్ అనే యువతి దిగుతుంది. రాత్రి దుస్తులు వేసుకుని తన గదిలో కుక్కపిల్లతో బంతి ఆడుకుంటూ ఉండగా ఆమె నడవలోకి వస్తుంది, వెనక తలుపు మూసుకుపోతుంది. నడవలో తాగుబోతు చార్లీ వెంటపడతాడు. ఆమె ఎదురుగదిలో దూరి మంచం కింద దాక్కుంటుంది. ఆ గదిలో ఉన్నది పెళ్ళయిన ఒక పెద్దమనిషి. ఆయన భార్యా, మేబెల్ ప్రియుడూ ఆ దృశ్యం మీదికి వచ్చి పడతారు. ఇక అనుమానం, అసూయ, దెబ్బలు, అరుపులు. అరుపులు మనకు వినబడవు, కనబడతాయి.

ఇక్కడ గమనించవలసిన విషయం ఒకటుంది. మేబెల్ నిర్దోషి అన్న సంగతి ప్రేక్షకుడికి మొదటినుంచీ తెలుసు. ఆమె బయటికి రావడం, తలుపు మూసుకోవడం కెమెరా చూసింది. కెమెరాతో పాటు మనం చూశాం. తెలియనిది తెర మీది మనుషులకే. అంటే ఈ చిత్రం మనల్ని ఆమె పక్షాన సాక్షులుగా నిలబెడుతుంది. పల్లెలో పంచాయితీ కూర్చున్నప్పుడు అనుమానానికి గురైన స్త్రీకి దొరకనిది సరిగ్గా ఈ సాక్ష్యమే. "ఎవరు చూశారు?" అని అడుగుతారు. ఎవరూ చూడలేదు గనుక ఆమె అబద్ధమాడుతున్నదని తీర్మానిస్తారు. ఆ మాటకు మూకీ చిత్రం "మేమందరం చూశాం" అని జవాబు చెబుతుంది. సాక్షులు తెలిసి నవ్వుతున్నారు గనుక ఆ నవ్వు ఆమె మీద పడదు. పిడికిలి బిగించి ఊగిపోతున్న అసూయాపరుడి మీద పడుతుంది. అతని కోపం ఎంత పెరిగితే అతను అంత చిన్నవాడైపోతాడు.

ఈ చిన్న చిత్రానికి ఇంతటి విలువ ఎందుకిస్తున్నానో అర్థం కావాలంటే మన సంప్రదాయం అసూయను ఏం చేసిందో చూడాలి.

2

మన ప్రబంధ సాహిత్యంలో అసూయకు మారుపేరు సత్యభామ. నంది తిమ్మన 'పారిజాతాపహరణం' విద్యార్థులందరూ చదివిందే. నారదుడు తెచ్చిన పారిజాతాన్ని కృష్ణుడు రుక్మిణికిస్తాడు. ఆ కబురు చెలికత్తె ద్వారా సత్యకు చేరుతుంది. ఆమె అలుగుతుంది, కోపగృహం చేరుతుంది, కాళ్ళ మీద పడిన భర్త తలను కాలితో తోస్తుంది. శతాబ్దాలుగా మనం ఈ ఘట్టాన్ని ముచ్చటపడి చదువుతున్నాం, ఆడించుకుని చూస్తున్నాం. భామాకలాపంలో ఆ అలకకు జడా, నడకా వచ్చి చేరాయి. అలకను అందంగా మార్చి, ఆ అందాన్ని చూసి నవ్వుకోవడం నేర్చుకున్నాం.

అయితే ఒక చిన్న ప్రశ్న. సత్యభామ అపార్థం చేసుకుందా? లేదు. కృష్ణుడు పువ్వును నిజంగానే రుక్మిణికిచ్చాడు. ఆమె ఫిర్యాదు వాస్తవం. పలువురు భార్యలున్న ఇంట్లో తన స్థానం ఎప్పుడు జారిపోతుందో తెలియని స్త్రీ భయం అది. దానికి ఆధారం ఉంది, కారణం ఉంది. ఆ భయాన్ని మనం హాస్యశృంగారంగా ఆస్వాదించాం.

ఇప్పుడు రెండో వైపు చూడండి. కరీంనగర్, ఆదిలాబాద్ పల్లెల్లో ఎల్లమ్మ గుడి లేని ఊరు అరుదు. గౌడులకు ఆమె ఇలవేల్పు. బైండ్లవారు జమిడిక వాయిస్తూ ఆమె కథ చెబుతారు. చిందువారు ఎల్లమ్మ వేషం కడతారు. ఆ కథకు మూలం రేణుక. నీళ్ళకు వెళ్ళిన రేణుక మనసు ఒక్క క్షణం చలించిందని జమదగ్ని అనుమానించాడు. తల్లి తల నరకమని కొడుకును ఆజ్ఞాపించాడు. మా ప్రాంతంలో చెప్పుకునే కథల్లో, గొడ్డలి పట్టుకు తరుముతున్న పరశురాముడికి దొరక్కుండా ఎల్లమ్మ మాదిగవాడకు పరుగెత్తి, తోళ్ళు నానబెట్టే లందలో దాక్కుంటుంది. ఆ ఘట్టం దగ్గర ఎవరూ నవ్వరు. చేతులు జోడిస్తారు.

మంచం కింద దాక్కున్న మేబెల్‌ను, లందలో దాక్కున్న ఎల్లమ్మను పక్కపక్కన పెట్టి చూడండి. ఇద్దరూ చేయని తప్పుకు దాక్కున్నవారే. ఇద్దరి వెనకా పురుషుడి అనుమానమే ఉంది. కానీ ఒకచోట ఆ అనుమానం నవ్వులపాలైంది, మరొకచోట అది తపస్సంత గంభీరమైపోయింది. కథ చెప్పే బైండ్లవారు, వేషం కట్టే చిందువారు శ్రమజీవులు, అణగారిన కులాలవారు. ఎల్లమ్మకు ఆశ్రయమిచ్చింది మాదిగవాడ అని వారి కథ గుర్తు పెట్టుకున్నది. బ్రాహ్మణాశ్రమంలో దొరకని రక్షణ లంద దగ్గర దొరికిందనడంలో వారి తీర్పు ఉంది. అయినా జమదగ్నిని చూసి నవ్వే ధైర్యం ఆ కథకూ రాలేదు.

కనుక మన సంప్రదాయం చేసిన విభజన ఇది: ఆధారమున్న స్త్రీ అసూయను హాస్యం చేసింది, ఆధారం లేని పురుషుడి అనుమానాన్ని ధర్మం చేసింది. స్త్రీ అసూయపడితే అలక, పురుషుడు అసూయపడితే పరువు. ఈ తేడాకు మూలం స్వభావాల్లో లేదు. స్త్రీ ఆస్తి అయినచోట ఆస్తిదారుకు వచ్చే అనుమానం న్యాయమైన ఆందోళనగా కనబడుతుంది, ఆస్తికి వచ్చే అనుమానం వినోదంగా కనబడుతుంది.

ఇదంతా పురాణాల సంగతి అని తోసేయడానికి వీల్లేదు. జిల్లా పత్రికల్లో "అనుమానం పెనుభూతమై" అనే శీర్షిక కింద వచ్చే వార్తలు మనం చదువుతూనే ఉన్నాం. గొడ్డలి పట్టింది మనిషి అయితే వార్త మాత్రం భూతాన్ని పట్టుకొస్తుంది. అనుమానం ఎక్కడినుంచో వచ్చి ఆ మనిషిని ఆవహించినట్టు, అతను కూడా బాధితుడే అయినట్టు ధ్వనిస్తుంది. జమదగ్ని గాంభీర్యం ఆ శీర్షికలో ఇంకా బతికే ఉంది. నా విద్యార్థిని ఎందుకు నవ్వలేదో, "ఆడు ఇంటడా?" అని ఎందుకు అడిగిందో తెలుసుకోవడానికి ఆమెను వేరే ఏమీ అడగనక్కరలేదు.

3

మన ఆధునిక సాహిత్యంలో ఈ విభజనను బద్దలు కొట్టినవాడు గురజాడ. మేబెల్ మంచం కింద దూరడానికి అయిదేళ్ళ ముందే, 1909లో అచ్చయిన 'కన్యాశుల్కం' రెండో కూర్పులో, ఒక మంచం ఉంది. విజయనగరంలో మధురవాణి ఇల్లు. రామప్పపంతులు ఆమెతో బేరమాడుతూ ఉండగా గిరీశం వస్తాడు; పంతులు మంచం కింద దూరతాడు. తర్వాత చీపురు పట్టుకుని పూటకూళ్ళమ్మ వస్తుంది. గిరీశమూ అదే మంచం కింద దూరతాడు. గిరీశం తప్పుకుంటాడు, చీపురుదెబ్బ పంతులుకు దక్కుతుంది.

కీస్టోన్ హాస్యంతో దీన్ని పోల్చి చూడండి. పరికరాలన్నీ అవే: తలుపు, మంచం, దాక్కోవడం, ఒకరికి తగలవలసిన దెబ్బ మరొకరికి తగలడం. కానీ గురజాడ చేసిన మార్పు మౌలికమైనది. మంచం కింద ఉన్నది స్త్రీ కాదు, ఇద్దరు పురుషులు. ఒకడు అగ్రహారీకుడు, మరొకడు ఇంగ్లీషు చదువుకున్నవాడు. మంచం పైన, ఆ గదికి యజమానురాలిగా నిలబడి, అన్నీ చూస్తూ, ఎవరితో ఏం మాట్లాడాలో నిర్ణయిస్తున్నది వేశ్య అయిన మధురవాణి. నోరు లేనిది మేబెల్ అయితే, ఆ నాటకం మొత్తంలో మాట మీద అందరికంటే ఎక్కువ అధికారం ఉన్న మనిషి మధురవాణి.

పూటకూళ్ళమ్మ కోపాన్ని కూడా సరిగా అర్థం చేసుకోవాలి. దాన్ని ఉత్త అసూయగా చదివేవారున్నారు. సంతలో సామాను కొనిపెడతానని గిరీశం ఆమె దగ్గర ఇరవై రూపాయలు పట్టుకెళ్ళి మధురవాణి మీద ఖర్చుపెట్టాడు. ఒక వితంతువు పూటకూళ్ళు పెట్టి, పొయ్యి ముందు కూర్చుని సంపాదించిన డబ్బు అది. ఆమె చీపురులో అసూయ ఉంటే ఉండవచ్చు, దాని వెనక మోసపోయిన శ్రమ ఉన్నది. గురజాడ ఇక్కడ స్త్రీ అసూయకు ఆధారమిచ్చాడు, పురుషుడి అసూయకు మంచం కింద చోటిచ్చాడు. నేను పైన చెప్పిన సంప్రదాయపు విభజన తలకిందులైంది.

గురజాడ తర్వాత ఈ దారి ఎందుకు ముందుకు సాగలేదన్నది మనం వేసుకోవలసిన ప్రశ్న. చలం 'మైదానం' (1927) సంసారపు గోడలను కూల్చింది, అందులో సందేహం లేదు. కానీ మీరా విషయంలో అమీరుకు పుట్టిన అసూయ కత్తితో, చావుతో ముగుస్తుంది. అంత సాహసం చేసిన రచయిత కూడా పురుషుడి అసూయను విషాద గౌరవంతోనే చూశాడు. సినిమాకు వస్తే, 1955 నాటి 'మిస్సమ్మ' మన హాస్యచిత్రాల్లో ఉత్తమమైనది. భార్యాభర్తలైన పట్టభద్రులకే ఉపాధ్యాయ ఉద్యోగాలిస్తామన్న ప్రకటన చూసి, నిరుద్యోగులిద్దరు దంపతులుగా నటించడంతో కథంతా నడుస్తుంది. అపార్థానికి మూలం నిరుద్యోగం కావడం ఆ చిత్రపు బలం. అయినా అసూయ విషయం వచ్చేసరికి, రావు సీతకు సంగీతం నేర్పుతుంటే ఉడుక్కునే మేరీని చూసే మనం నవ్వుతాం. సత్యభామ మళ్ళీ వచ్చింది.

4

మన రాజ్యంలో మూకీ హాస్యానికి ఒక చరిత్ర ఉంది. అదీ తెలుసుకోదగ్గదే. శాంతినికేతనంలో చదువుకుని హైదరాబాదులో చిత్రకళ బోధించిన ధీరేంద్రనాథ్ గంగూలీ, ఒకే మనిషి పలు వేషాల్లో కనబడే ఛాయాచిత్రాల పుస్తకం 1915లో వేశాడు. 1921లో కలకత్తాలో 'బిలాత్ ఫెరత్' అనే హాస్యచిత్రంలో, సీమ వెళ్ళివచ్చిన యువకుడి వింత పోకడలను ఆటపట్టించాడు. 1922లో హైదరాబాదులో లోటస్ ఫిల్మ్ కంపెనీ పెట్టాడు. 'లేడీ టీచర్', 'మ్యారేజ్ టానిక్' వంటి చిత్రాలు అక్కడ తయారయ్యాయి. కరీంనగర్, ఆదిలాబాద్ జిల్లాలు కూడా అప్పుడు ఆ నిజాం రాజ్యంలోవే.

1924లో ఆయన బొంబాయిలో తయారైన 'రజియా బేగం' అనే చిత్రాన్ని హైదరాబాదులో ప్రదర్శించాడు. ముస్లిం రాకుమారి ఒక హిందువును ప్రేమించడం దాని కథ. నిజాం ఆగ్రహించి ఆయనను రాజ్యం విడిచి పొమ్మన్నాడు. కంపెనీ అంతటితో సరి. పెళ్ళి మీద నవ్విస్తే దర్బారుకు అభ్యంతరం లేకపోయింది. ఒక స్త్రీ, అందులోనూ రాజ్యమేలే వంశపు స్త్రీ, తనకు నచ్చినవాణ్ణి తాను ఎంచుకున్నట్టు తెర మీద చూపగానే కోపం వచ్చింది. ఇంటి యజమాని అనుమానానికీ, రాజ్య యజమాని ఆగ్రహానికీ పునాది ఒకటే. స్త్రీ తన మనసు తాను నిర్ణయించుకోవడం ఇద్దరికీ సహించరానిది. ఇంట్లో అది గొడ్డలి అవుతుంది, కొలువులో ఫర్మానా అవుతుంది.

5

ఇక్కడ కొందరు మిత్రులు ఒక అభ్యంతరం చెప్పవచ్చు. అమెరికా వ్యాపార కంపెనీ వారానికొకటిగా తీసి పారేసిన తన్నులాటల చిత్రానికి ఇంత అర్థం అంటగట్టడం అవసరమా? అభ్యంతరంలో సగం నిజం ఉంది. కీస్టోన్‌కు సంస్కరణ ఉద్దేశం లేదు. నవ్వు అమ్ముకోవడమే దాని పని. ఈ చిత్రం యాజమాన్య సంబంధాన్ని ముట్టుకోదు. అసూయాపరుణ్ణి నవ్వులపాలు చేస్తుంది గానీ అసూయపడే హక్కు అతనికి ఎవరిచ్చారని అడగదు. తాగుబోతు ఒక ఆడమనిషి వెంటపడటాన్ని కూడా వినోదంగానే చూపుతుంది. ఆ పరిమితిని దాచనక్కరలేదు. అయితే ఐసెన్‌స్టైన్ వంటి సోవియట్ దర్శకుడు చాప్లిన్‌ను ఎంత శ్రద్ధగా చదివి వ్యాసం రాశాడో కూడా గుర్తుంచుకోవాలి. వ్యాపారం కోసం తయారైన కళలోనూ ప్రజలకు పనికొచ్చే పరికరాలు దొరుకుతాయి. వాటిని ఏరుకోవడం మన పని.

ఈ చిత్రం వెనక నడిచిన మరొక అసూయ కథ చెప్పకపోతే ఈ పరిశీలన అసంపూర్ణం. దీనికి దర్శకత్వం వహించింది మేబెల్ నార్మండ్ అనే చరిత్రకారులు చెబుతారు. అంటే మంచం కింద దాక్కున్న స్త్రీయే ఆ మంచాన్ని అక్కడ వేయించింది. కానీ హోటల్ వసారాలో చాప్లిన్ చేసిన మొదటి దృశ్యం డెబ్బై అయిదు అడుగులు నడిచింది. ఆ రోజుల్లో హాస్య దృశ్యం పది అడుగులు దాటడం అరుదని చాప్లినే 1964లో వచ్చిన తన ఆత్మకథలో రాశాడు. దాన్ని కత్తిరించకుండా ఉంచారు. కొద్ది వారాలకే 'మేబెల్ ఎట్ ది వీల్' అనే చిత్రం తీస్తుండగా, తన కంటే చిన్నదైన ఈ యువతి చెప్పినట్టు చేయనని చాప్లిన్ పేచీ పెట్టుకుని కూర్చున్నాడు. దర్శకురాలిగా ఆమె సామర్థ్యం మీద తనకు నమ్మకం లేకపోయిందని ఆత్మకథలో దాచకుండా ఒప్పుకున్నాడు. ఆ తగాదా తర్వాత ఆయనకు సొంతంగా దర్శకత్వం వహించే అవకాశం వచ్చింది. నార్మండ్ 1930లో క్షయతో చనిపోయింది. నేడు ఆమె పేరు తన శీర్షికలోనే ఉన్న ఈ చిత్రం కూడా, చాప్లిన్ మొదట వేషం కట్టిన చిత్రంగానే ప్రసిద్ధం. శ్రామికుల పక్షాన అంత గొప్ప కళ సృష్టించినవాడు కూడా ఒక స్త్రీ ఆజ్ఞ ఇచ్చేసరికి రోడ్డు పక్కన అలిగి కూర్చున్నాడు. దీన్ని చాప్లిన్‌ను తక్కువ చేయడానికి చెప్పడం లేదు. మనలో, మన సంఘాల్లో, మన సంపాదకవర్గాల్లో అలిగి కూర్చునే మగవాళ్ళను మనం గుర్తుపట్టాలని చెబుతున్నాను.

నా విద్యార్థిని ప్రశ్నకు ఇప్పుడు జవాబు చెప్పగలను. మేబెల్ నోరు తెరవకపోవడానికి కారణం సినిమాకు మాట లేకపోవడం కాదు. 1931లో మన సినిమాకు మాట వచ్చింది. దానివల్ల వినే చెవి రాలేదు. "ఆడు ఇంటడా?" అన్న ప్రశ్న సాంకేతికమైనది కాదు, అధికారానికి సంబంధించినది. వినని చెవికి ఎంత చెప్పినా మూకీయే. ఆ అధికారాన్ని చట్టం ఎదుర్కోవాలి, ఉద్యమం ఎదుర్కోవాలి. సాహిత్యం చేయగలిగిన పని ఒకటుంది. అనుమానించేవాడి గాంభీర్యాన్ని ఊడబెరకడం.

మన కథల్లో అనుమానపు భర్త రాక్షసుడుగా వస్తాడు, లేదా మానసిక రోగిగా వస్తాడు. రాక్షసుణ్ణి చూసి భయపడతాం, రోగిని చూసి జాలిపడతాం. రెండూ అతనికి లాభమే. అతను భరించలేనిది నవ్వు. పరువే తన మూలధనమని నమ్మినవాడికి నలుగురూ చూస్తుండగా మంచం కింది నుంచి దుమ్ము దులుపుకుంటూ బయటికి రావడం కన్నా పెద్ద శిక్ష లేదు. గురజాడ ఆ శిక్ష వేసి శతాబ్దం దాటింది. కథ రాసేవారు, నాటిక రాసేవారు ఆ చీపురును మళ్ళీ చేతికి తీసుకోవాలి.

ఆ అమ్మాయికి వచ్చే ఏడు పదో తరగతి. ఆమె చదవబోయే కథల్లో ఒక్కదాంట్లోనైనా మంచం కింద దాక్కున్నది ఆడమనిషి కాకుండా ఉంటే, ఆ రోజు ఆమె కూడా తరగతితో పాటు నవ్వుతుంది.